ఫిలిప్స్ సిక్స్టీసిక్సర్స్: పెట్రోలు కంపెనీ జట్టు ఒలింపిక్స్ దాకా ఎలా వెళ్ళింది, చివరికి ఎందుకు రద్దయింది?

ప్రశ్న – బెజవాడ కోర్టు (విజయవాడ)

అందరికీ నమస్కారం. సాయంత్రాలు ఇంటర్ పిల్లలకు బాస్కెట్‌బాల్ నేర్పుతుంటాను. 1948 లండన్ ఒలింపిక్స్‌లో స్వర్ణం గెలిచిన అమెరికా జట్టులో ఐదుగురు కెంటకీ విశ్వవిద్యాలయానికి చెందినవారు కాగా, మరో ఐదుగురు ఫిలిప్స్ పెట్రోలియం కంపెనీ ఉద్యోగులని చెప్పేసరికి, పెట్రోలు అమ్ముకునే కంపెనీకి ఒలింపిక్స్‌తో ఏం పని అని ఒక కుర్రవాడు అడిగాడు. ఆ జట్టు అంత స్థాయికి ఎలా చేరింది? వృత్తి జట్లు ఉండగా అంతటి ఆటగాళ్ళు కంపెనీ ఉద్యోగంలో ఎందుకు చేరారు? తెలిసినవారు వివరించగలరు.

జవాబు 1 – పాత స్కోరుబోర్డు

ఆ కంపెనీ కేంద్రం ఓక్లహోమా రాష్ట్రంలోని బార్ట్‌లెస్‌విల్ అనే చిన్న పట్టణం. ‘ఫిలిప్స్ 66’ అన్నది వాళ్ళ పెట్రోలు బ్రాండు. జట్టు పేరు దాని నుంచే వచ్చింది. ఆయిలర్స్ అని కూడా పిలిచేవారు. తొలినాళ్ళలో ఆ జట్టుకు ఆడిన బూట్స్ ఆడమ్స్ అనే ఉద్యోగి 1938లో ఏకంగా కంపెనీ అధ్యక్షుడయ్యాడు కాబట్టి, ఆ తరువాత జట్టుకు దక్కిన ఆదరణకు వేరే కారణం వెతకనక్కరలేదనుకుంటాను. ఆటకు డబ్బు తీసుకోని (అమెచ్యూర్) ఆటగాళ్ళ సంఘమైన అమెచ్యూర్ అథ్లెటిక్ యూనియన్ జాతీయ టోర్నమెంటును వాళ్ళు మొత్తం 11 సార్లు గెలిచారు. అందులో 1943 నుంచి 1948 వరకు వరుసగా ఆరు.

ఇక ఒలింపిక్స్ విషయం. అప్పటి నిబంధనల ప్రకారం వృత్తి ఆటగాళ్ళకు అక్కడ ప్రవేశం లేదు. అందువల్ల కళాశాలల జట్లకూ కంపెనీల జట్లకూ పోటీ పెట్టి, వాటిలో నిలిచినవారితో దేశపు జట్టు కూర్చేవారు. 1948లో న్యూయార్క్‌లోని మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో జరిగిన ఎంపిక పోటీల ఫైనల్‌లో ఫిలిప్స్ జట్టు కెంటకీని 53–49 తేడాతో ఓడించడంతో, ప్రధాన శిక్షకుడి బాధ్యత ఫిలిప్స్ కోచ్ బడ్ బ్రౌనింగ్‌కు దక్కింది. కళాశాల బాస్కెట్‌బాల్‌లో అప్పటికే మహా పేరున్న కెంటకీ కోచ్ అడాల్ఫ్ రప్ ఆయనకు సహాయకుడిగా వెళ్ళవలసి వచ్చింది. లండన్ ఫైనల్‌లో వాళ్ళు ఫ్రాన్స్‌ను 65–21తో ఓడించారు.

జవాబు 2 – ఏడడుగుల అభిమాని

రెండవ ప్రశ్నకు బాబ్ కర్లాండ్ జీవితమే సమాధానం. ఏడడుగుల ఎత్తున్న ఆయన ఓక్లహోమా ఏ అండ్ ఎం కళాశాలకు 1945, 1946లలో వరుసగా జాతీయ టైటిళ్ళు సాధించిపెట్టాడు. రింగులోకి దిగుతున్న బంతిని చేత్తో అడ్డుకోరాదన్న గోల్‌టెండింగ్ నిబంధన రావడానికి ఆయన, జార్జ్ మైకన్ వంటి పొడగరులే కారణం. అటువంటివాడు వృత్తి జట్ల వైపు వెళ్ళకుండా ఫిలిప్స్‌లో చేరి, 1948లోనూ 1952లోనూ ఒలింపిక్ స్వర్ణాలు గెలిచి, రిటైరయ్యేదాకా ఆ కంపెనీలోనే అధికారిగా పనిచేశాడు.

ఈ నిర్ణయం ఈనాటి పిల్లలకు వింతగా తోచవచ్చు. అయితే తరువాత ఎన్‌బీఏగా (అమెరికాలోని ప్రధాన వృత్తి బాస్కెట్‌బాల్ లీగ్) మారిన లీగ్ 1946లో 11 జట్లతో మొదలై, మొదటి సీజన్ ముగిసేసరికే నాలుగు జట్లను పోగొట్టుకుంది. రేపు ఉంటుందో లేదో తెలియని జట్టు జీతానికీ, ఆట మానేశాక కూడా కొనసాగే ఉద్యోగానికీ మధ్య ఎంచుకోమంటే మన ఇళ్ళలో పెద్దలు ఏమనేవారో మీకే తెలుసు!

జవాబు 3 – గుంటూరు వాసి

మీ పిల్లలకు మన దగ్గరి ఉదాహరణ కూడా చెప్పండి. రైల్వేలో స్పోర్ట్స్ కోటా ఉద్యోగం గురించి వాళ్ళు వినే ఉంటారు. అంతకంటే బలమైనది హైదరాబాద్ సిటీ పోలీస్ ఫుట్‌బాల్ జట్టు. 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదు రోవర్స్ కప్పులు గెలిచిన జట్టు అది. దాన్ని తీర్చిదిద్దిన రహీం గారి శిక్షణలోనే భారత ఫుట్‌బాల్ జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. అదే మెల్‌బోర్న్‌లో బాస్కెట్‌బాల్ గెలిచిన అమెరికా జట్టుకు శిక్షకుడు ఫిలిప్స్ కోచ్ జెరాల్డ్ టక్కర్. ఆటగాళ్ళలో తరువాత ఎన్‌బీఏలో మహా పేరు పొందిన బిల్ రస్సెల్‌తో పాటు ఫిలిప్స్ ఉద్యోగులూ ఉన్నారు.

బెజవాడ కోర్టు

ధన్యవాదాలండీ. ఒక్క సందేహం: ఆట కోసమే ఉద్యోగం ఇచ్చినప్పుడు అది ఆటకు జీతం ఇచ్చినట్టు కాదా?

జవాబు 4 – పాత స్కోరుబోర్డు

కాగితం మీద జీతం పనికే, ఆటకు కాదు. కానీ మెరుగైన ఆటగాడికే ఆ ఉద్యోగం దొరికేదన్నది బహిరంగ రహస్యం. మెల్‌బోర్న్ ఫైనల్‌లో అమెరికా చేతిలో 89–55తో ఓడిన సోవియట్ ఆటగాళ్ళకు కూడా ప్రభుత్వమే పోషణ. కాబట్టి ఈ విషయంలో ఎవరూ ఎవరినీ వేలెత్తి చూపగల స్థితిలో లేరని నా అభిప్రాయం.

ఇక ఫిలిప్స్ జట్టు ఆగిపోవడానికి కారణం మైదానంలో ఓటమి కాదు. 1962, 1963లలో కూడా వాళ్ళే జాతీయ విజేతలు. ఎన్‌బీఏ నిలదొక్కుకుని జీతాలు పెరిగేకొద్దీ కంపెనీ ఉద్యోగంలోని ఆకర్షణ తగ్గింది; మంచి ఆటగాళ్ళు రాకపోతే కంపెనీకి దక్కే ప్రచారమూ తగ్గుతుంది. కంపెనీ జట్ల కోసం 1947లో పెట్టిన నేషనల్ ఇండస్ట్రియల్ బాస్కెట్‌బాల్ లీగ్ 1961లో మూతపడింది. ఐదు జాతీయ టైటిళ్ళు గెలిచిన మరో కంపెనీ జట్టు పియోరియా క్యాటర్‌పిల్లర్స్ దానికి కాస్త ముందే తప్పుకుంది. 1967లో ఏబీఏ అనే రెండవ వృత్తి లీగ్ కూడా రావడంతో ఆటగాళ్ళకు మరిన్ని దారులు తెరుచుకున్నాయి. ఫిలిప్స్ 1968లో జట్టును రద్దు చేసింది. టైర్ల కంపెనీ గుడ్‌ఇయర్ వారి వింగ్‌ఫుట్స్ జట్టు మాత్రం 1967 నుంచి 1969 వరకు వరుసగా మూడుసార్లు వివిధ ఖండాల క్లబ్బులు తలపడే ఇంటర్‌కాంటినెంటల్ కప్పు గెలిచింది కనుక, ఆ కథ ఫిలిప్స్‌తోనే ముగిసిందని పిల్లలకు చెప్పకండి.