షిందో సినిమాని ‘మూకీ’ అనొచ్చా?

ప్రశ్న: జపాన్ దర్శకుడు కనేతో షిందో 1960లో తీసిన ‘హదకా నో షిమా’ మీద వ్యాసం రాస్తున్నాను. సంభాషణలు లేవు కాబట్టి ‘మూకీ చిత్రం’ అన్నాను. మిత్రుడొకాయన ఒప్పుకోవట్లేదు. ‘నగ్న ద్వీపం’ అన్న పేరు కూడా ఆయనకి నచ్చలేదు. మీరేమంటారు?

జవాబు: మీ మిత్రుడి మాటే సబబండి. మూకీ అంటే టాకీ రాకముందు సినిమా. ఇందులో శబ్దం లేకపోవడమేమిటి? హికారు హయాషి సంగీతం సినిమా అంతా పరుచుకుని ఉంటుంది. మనుషులే మాట్లాడరు. సముద్రం మధ్య, మంచినీటి చుక్క లేని చిన్న దీవి. భార్యాభర్తలు ఎదుటి ఒడ్డు నుంచి పడవలో నీళ్ళు తెచ్చి, కావడి భుజాన వేసుకుని మిట్ట ఎక్కి, మొక్క మొక్కకీ ఇన్నేసి పోస్తారు. ఒకసారి ఆవిడ కాలు జారి నీళ్ళు ఒలికిపోతాయి. భర్త చెంప ఛెళ్ళుమనిపిస్తాడు. ఇద్దరి నోటా మాట లేదు. కొడుకు పోయాక ఆవిడ నీళ్ళు నేలపాలు చేసి, మొక్కలు పీకేసి బోరుమంటుంది. ఆ ఏడుపు మనకి వినిపిస్తుంది.

విచిత్రమేమిటంటే షిందో బతుకుదెరువే స్క్రిప్టులు రాయడం. షోచికు స్టూడియో నుంచి 1950లో బయటికొచ్చి, దర్శకుడు యోషిమురా, నటుడు తొనోయామాలతో కలిసి సొంత సంస్థ పెట్టుకున్నారు. పదేళ్ళకి అది అప్పుల్లో మునిగింది. ఇదే ఆఖరి సినిమా అనుకుని, కొద్దిమందితో అక్కడే మకాం వేసి తీశారు. 1961లో మాస్కో చిత్రోత్సవంలో గ్రాండ్ ప్రీ వచ్చింది, చాలా దేశాలు కొనుక్కున్నాయి, సంస్థ గట్టెక్కింది.

మరో సభ్యురాలు: 1987లో సింగీతం గారి ‘పుష్పక విమానం’ వచ్చినప్పుడు మా ఇంట్లో అందరూ మూకీ అనే అన్నారు. వాడుకలో అర్థం మారిపోయిందేమో కదండీ?

జవాబు: మాట వరసకి అనుకుంటే ఇబ్బంది లేదండి. కానీ జపాన్ సినిమా గురించి రాసేటప్పుడు తిరకాసు ఉంది. అక్కడి మూకీలు మూగగా ఆడలేదు. తెర పక్కన ‘బెన్షి’ అనే కథకుడు నిలబడి, పాత్రలన్నిటికీ తానే గొంతిచ్చి, మధ్యలో వ్యాఖ్యానమూ చెప్పేవాడు. షిందో 1934లో చిత్రరంగానికి వచ్చేనాటికి ఆ పద్ధతి ఇంకా పూర్తిగా పోలేదు. అక్కడ మూకీకి మాటలున్నాయి, ఈ టాకీకి లేవు! ‘సంభాషణల్లేని చిత్రం’ అని రాసేస్తే గొడవ ఉండదు.

ఇక పేరు. జపనీస్‌లో చెట్టూచేమా లేని కొండని ‘హదకా యమా’ అంటారు, మన బోడికొండ లాగే. కాబట్టి ‘నగ్న’ కంటే ‘బోడి దీవి’ దగ్గరగా ఉంటుంది. బోడి సలహా అంటారేమో మరి!

ఇంకొకరు: ‘బోడి లంక’ అంటే?

జవాబు: లంక వద్దండి. గోదావరి లంకలు ఏటి మధ్య ఒండ్రు నేలలు, చుట్టూ తాగే నీళ్ళే. అలాంటి చోట వీళ్ళు కావడి ఎత్తాల్సిన పనేముంది?