రాబర్ట్ హుత్: మూడు టైటిళ్లు గెలిచినవాడిని మామూలు డిఫెండర్ అనొచ్చా?

వెనకవరుస:
నిన్న రాత్రి ఫ్రెండ్స్ మధ్య మొదలైన వాదన తెగలేదు. ఇక్కడైనా తేలుతుందేమోనని పెడుతున్నాను. విషయం జర్మన్ ఫుట్‌బాల్ డిఫెండర్ రాబర్ట్ హుత్. 1984లో బెర్లిన్‌లో పుట్టాడు. యూనియన్ బెర్లిన్ కుర్రాళ్ల జట్టులో ఆడుతుంటే 2001లో చెల్సీ క్లబ్ వాళ్లు ఇంగ్లండ్ తీసుకుపోయారు. ఆ తర్వాత అక్కడి క్లబ్బులే: 2006లో మిడిల్స్‌బ్రో, 2009లో స్టోక్, 2015లో లెస్టర్. 2019 జనవరిలో ఆట మానేశాడు. జర్మనీ తరఫున 19 మ్యాచ్‌లు ఆడాడు కానీ సొంత దేశపు టాప్ లీగ్ బుండెస్‌లిగాలో ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు.

"ఊరూరా తిరిగి పొట్ట పోసుకున్న ఆటగాడు, అదృష్టం కొద్దీ మంచి జట్లలో పడ్డాడు" అన్నాడు మావాడొకడు. నాకు మనసు ఒప్పలేదు. చెల్సీతో 2005, 2006లో, లెస్టర్‌తో 2016లో, మొత్తం మూడు సార్లు ఇంగ్లండ్ టాప్ లీగ్ అయిన ప్రీమియర్ లీగ్ గెలిచాడు. మూడు సార్లూ అదృష్టమేనా? నేను కూడా ఆదివారాలు సెంటర్ బ్యాక్‌గానే (డిఫెన్స్ మధ్యలో) ఆడతాను కాబట్టి ఆ స్థానం మీద నాకు కాస్త మమకారం ఎక్కువ, అది ముందే చెప్పేస్తున్నాను.

లెక్కల_మనిషి:
మీ ఫ్రెండ్ పక్షమే నేను. మూడు టైటిళ్లు అని గంపగుత్తగా చెప్పకండి, ఒక్కొక్కటీ విడదీసి చూద్దాం. 2004-05లో చెల్సీ 38 మ్యాచ్‌లు ఆడితే హుత్ కనిపించింది 10. అప్పటి రూల్ ప్రకారం మెడల్ రావాలంటే కనీసం 10 ఆడాలి, అంటే సరిగ్గా గీత మీద నిలబడ్డాడు. మరుసటి సీజన్‌లో 13. ఆ 2004-05 చెల్సీ లీగ్ మొత్తంలో తిన్న గోల్స్ 15 మాత్రమే. ఆ గోడ కట్టింది జాన్ టెర్రీ, రికార్డో కార్వాల్యో, గాలస్, వెనక గోల్ కీపర్ పీటర్ చెక్, ముందు కాపలా మిడ్‌ఫీల్డర్ మకెలెలె. హుత్ ఆ గోడకు ఆనుకుని ఉన్నాడంతే. ఆఖరి నిమిషాల్లో గోల్ కావాల్సి వస్తే మేనేజర్ మొరిన్యో అతన్ని ముందుకు పంపి స్ట్రైకర్‌గా నిలబెట్టిన రోజులు కూడా ఉన్నాయి. పొడుగ్గా, బలంగా ఉన్నాడని చేసిన పని అది.

జర్మనీ జట్టు సంగతి కూడా చూడండి. 2005 కాన్ఫెడరేషన్స్ కప్‌లో జర్మనీ 5 మ్యాచ్‌ల్లో 11 గోల్స్ తింది. 2006 మార్చిలో ఫ్లోరెన్స్‌లో ఇటలీ చేతిలో 4-1తో చిత్తయినప్పుడు డిఫెన్స్ మధ్యలో ఉన్నది హుత్, మెర్టెసాకర్. మూడు నెలల తర్వాత సొంత గడ్డ మీద జరిగిన ప్రపంచ కప్‌లో హుత్‌ని పక్కన పెట్టి మెట్జెల్డర్‌ని ఆడించారు.

నల్లకుంట_గోలీ:
పూర్తిగా పక్కన పెట్టలేదు. ఈక్వెడార్ మీద 3-0తో గెలిచిన గ్రూప్ మ్యాచ్‌లో ఆడాడు. అది జరిగింది బెర్లిన్ ఒలింపిక్ స్టేడియంలో, అంటే అతను పుట్టిన ఊళ్లోనే. ప్రపంచ కప్‌లో సొంత ఊరి జనం ముందు ఒక్క మ్యాచ్ ఆడినా చాలు అనుకునేవాళ్లు ఎంతమంది ఉంటారో!

వెనకవరుస:
లెక్కల గారూ, మీరే మెర్టెసాకర్ పేరెత్తారు కాబట్టి అక్కడే ఆగుదాం. నా వాదన మొత్తం అక్కడే ఉంది.

ఇద్దరూ 1984లోనే, నెలన్నర తేడాతో పుట్టారు. ఇద్దరినీ 2004లో కోచ్ క్లిన్స్‌మనే జాతీయ జట్టులోకి తెచ్చాడు. హుత్ మొదటి మ్యాచ్ ఆస్ట్రియా మీద, సరిగ్గా అతని 20వ పుట్టినరోజు నాడు. ఫ్లోరెన్స్‌లో ఆ నాలుగు గోల్స్ ఇద్దరూ కలిసే తిన్నారు. ఆ తర్వాత మెర్టెసాకర్ 104 మ్యాచ్‌లు ఆడాడు, 2014లో ప్రపంచ కప్ గెలిచాడు. హుత్ 19 దగ్గర ఆగిపోయాడు. ప్రతిభలో తేడా అంటారా? నేను ఒప్పుకోను. ఆ వయసులో మెర్టెసాకర్ హనోవర్‌లో వారం వారం 90 నిమిషాలు ఆడుతున్నాడు. హుత్ చెల్సీ బెంచీ మీద కూర్చుని టెర్రీకి దెబ్బ తగిలితేనో, కార్వాల్యోకి కార్డు పడితేనో పిలుపు వస్తుందని చూస్తున్నాడు.

సెంటర్ బ్యాక్ పని బెంచీ మీద కూర్చుంటే రాదు. స్ట్రైకర్ వచ్చి పది నిమిషాల్లో గోల్ కొట్టి పేరు తెచ్చుకోవచ్చు. డిఫెండర్‌కి పక్కవాడి అడుగు తెలియాలి, గోల్ కీపర్ ఎప్పుడు ముందుకొస్తాడో తెలియాలి, లైన్ ఎప్పుడు పైకి జరపాలో నోటితో అరవకముందే ఒంటికి తెలియాలి. మా చిన్న ఆటలో కూడా రెండు వారాలు ఆడకపోతే మూడో వారం పక్కవాడికీ నాకూ మధ్య ఆరడుగుల ఖాళీ వస్తుంది, ఎవడో ఒకడు అందులోంచి దూరిపోతాడు. హుత్ 16 ఏళ్లకే ఇల్లు వదిలి, ఐదు సీజన్లలో చెల్సీ తరఫున ఆడిన లీగ్ మ్యాచ్‌లు 42. మీరు మెడల్ లెక్కపెడుతున్నారు. ఆ మెడల్ కోసం అతను పోగొట్టుకున్న మ్యాచ్‌లు కూడా లెక్కపెట్టండి.

లెక్కల_మనిషి:
మంచి మాట, ఒప్పుకుంటాను. కానీ అది జాలి కథ అవుతుంది, గొప్పతనం కాదు కదా. చెల్సీ నుంచి దాదాపు 60 లక్షల పౌండ్లకు మిడిల్స్‌బ్రో వెళ్లాడు. అక్కడ మొదట్లోనే చీలమండ గాయం, మూడు సీజన్లలో 54 లీగ్ మ్యాచ్‌లు. 2009లో ఆ జట్టు కింది డివిజన్‌కి పడిపోయింది. అప్పటికి వయసు 24. ఇందులో గొప్ప డిఫెండర్ ఎక్కడున్నాడు?

పాటర్స్_ఫ్యాన్:
ఎక్కడున్నాడంటే స్టోక్‌లో ఉన్నాడు! ఇంతవరకు స్టోక్ పేరు ఒక్కరూ ఎత్తకపోతే నాకు ఉండబట్టలేదు.

మేనేజర్ టోనీ ప్యూలిస్ నడిపిన ఆ స్టోక్ జట్టుని ఇప్పటికీ చాలామంది "అది ఫుట్‌బాలా, మోటు ఆట" అంటారు. రోరీ డిలాప్ టచ్‌లైన్ దగ్గర బంతిని తువ్వాలుతో తుడిచి విసిరితే అది కార్నర్ కిక్‌లా దూసుకొచ్చేది. ఆర్సెనల్ లాంటి జట్లకి మా బ్రిటానియా స్టేడియం అంటే టెన్షన్. ఆ విసురుకి ఎదురు వెళ్లే గుంపులో హుత్ ఉండేవాడు, అవతల బాక్స్‌లో పని అయిపోగానే పరిగెత్తుకొచ్చి ఇవతల బాక్స్‌లో తోటి డిఫెండర్ రయన్ షాక్రాస్ పక్కన నిలబడేవాడు. స్టోక్‌కి 149 లీగ్ మ్యాచ్‌లు, 13 గోల్స్. డిఫెండర్‌కి 13 తక్కువేం కాదు.

2011 ఎఫ్ఏ కప్ (ఇంగ్లండ్ నాకౌట్ టోర్నీ) సెమీఫైనల్ గుర్తుందా? వెంబ్లీలో బోల్టన్ మీద 5-0. రెండో గోల్ హుత్‌దే. ఫైనల్లో మాంచెస్టర్ సిటీ ఆటగాడు యాయా టూరే కొట్టిన ఒక్క గోల్‌తో ఓడిపోయాం. స్టోక్ అంతకుముందు ఎప్పుడూ ఎఫ్ఏ కప్ ఫైనల్‌కి రాలేదు. చెల్సీలో వచ్చిన రెండు మెడళ్ల కంటే ఆ ఓడిన ఫైనల్లోనే అతని చెమట ఎక్కువుంది. 24 ఏళ్లకు పనైపోయిందనుకున్నవాడు ఆ ఊళ్లో మళ్లీ నిలబడ్డాడు. కుండలు చేసే ఊరు అది, ఆ జట్టుని పాటర్స్ అనేది అందుకే. అక్కడి జనం ముద్దుగా ఆడేవాడి కంటే గట్టిగా ఆడేవాడినే మెచ్చుకుంటారు.

నల్లకుంట_గోలీ:
గట్టిగా అంటే చొక్కాలు పట్టుకుని లాగడమా? కార్నర్ వచ్చిన ప్రతిసారీ అదే కదా అతని ఆట. నేను గోల్ కీపర్‌ని, బాక్స్‌లో జరిగే కుస్తీ దగ్గర్నుంచి చూస్తాను, నాకు అసలు నచ్చదు. 2016 మే 1న మాంచెస్టర్ యునైటెడ్ మ్యాచ్‌లో వాళ్ల ఆటగాడు ఫెలాయినీ జుట్టు పట్టుకు లాగి మూడు మ్యాచ్‌ల నిషేధం తెచ్చుకున్నాడు. లెస్టర్ కప్పు ఎత్తిన ఎవర్టన్ మ్యాచ్‌లో అందుకే ఆడలేకపోయాడు. సీజనంతా కష్టపడి, ఆ రోజు బయట నిలబడాల్సి వచ్చింది. తప్పు అతనిదే.

గుంటూరు_టు_లెస్టర్:
ఆ సీజన్‌లో నేను లెస్టర్‌లో చదువుకుంటున్నాను. చూసింది చూసినట్టు చెప్తాను.

2015 ఫిబ్రవరిలో హుత్ లోన్ మీద, అంటే తాత్కాలికంగా, వచ్చినప్పుడు లెస్టర్ పట్టికలో అట్టడుగున ఉంది. స్టోక్‌లో మోకాలి గాయం తర్వాత అతనికి చోటు పోయింది, ఆడుతున్నదే తక్కువ. మేనేజర్ నైజెల్ పియర్సన్ పిలిపించాడు. ఏప్రిల్ మొదట్లో తొమ్మిది మ్యాచ్‌లు మిగిలి ఉండగా, కింది డివిజన్‌కి పడకుండా గట్టెక్కాలంటే 7 పాయింట్లు వెనకబడి ఉంది జట్టు. అందులో ఏడు గెలిచారు! ఆ వేసవిలో దాదాపు 30 లక్షల పౌండ్లకు హుత్‌ని పూర్తిగా కొనేశారు. పియర్సన్ వెళ్లిపోయి మేనేజర్‌గా రానియేరి వచ్చాడు. టీనేజర్ హుత్‌కి చెల్సీలో మొదటి మ్యాచ్ ఇచ్చింది ఈ రానియేరీయే. పదమూడేళ్ల తర్వాత ఇద్దరూ ఇంత చిన్న ఊళ్లో మళ్లీ కలిశారు.

2016 ఫిబ్రవరి 6, శనివారం. మేము ఆరుగురం నార్‌బరో రోడ్ దగ్గరి ఇంట్లో అద్దెకుండేవాళ్లం. అందులో నలుగురికి అప్పటిదాకా క్రికెట్ తప్ప ఇంకో ఆట తెలియదు. మధ్యాహ్నం మ్యాచ్, మాంచెస్టర్ సిటీ గడ్డ మీద. ముందు రోజు మిగిలిన పప్పు వేడి చేసి, కంచాలు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాం. మూడో నిమిషం. మా మారెజ్ ఎడమ పక్క నుంచి ఫ్రీకిక్ తక్కువ ఎత్తులో కొట్టాడు. హుత్ అందరికంటే ముందు అడుగేసి కాలు చాపాడు, బంతి సిటీ డిఫెండర్ డెమికెలిస్‌కి తగిలి లోపలికి వెళ్లింది. రెండో సగంలో మారెజ్ ఒకటి కొట్టాక, 60వ నిమిషంలో మా ఫూక్స్ కార్నర్. హుత్ రెండడుగులు వెనక్కి వేసి ఆగాడు. బంతి గాల్లో ఉన్నంతసేపూ దాని మీద నుంచి కళ్లు తీయలేదు. తలతో కొడితే అది సిటీ గోల్ కీపర్ జో హార్ట్ మీదుగా వంగి అవతలి మూల పడింది. 3-1తో గెలిచాం. ఆ సాయంత్రం పక్కింటి పెద్దాయన తలుపు కొట్టి మా అందరికీ చేయి కలిపి వెళ్లాడు. ఐదు నెలల్లో ఆయన మాతో మాట్లాడటం అదే మొదటిసారి.

సీజన్ మొదట్లో లెస్టర్ టైటిల్ గెలుస్తుందన్న దాని మీద పందెం రేటు 5000కి 1. ఆ మార్చి, ఏప్రిల్ నెలల్లో వాట్‌ఫర్డ్, న్యూకాజిల్, క్రిస్టల్ ప్యాలెస్, సౌతాంప్టన్ మీద వరుసగా నాలుగు మ్యాచ్‌లు 1-0తో గెలిచాం. అలా గెలవాలంటే వెనక ఎవడో ఒకడు చివరి పది నిమిషాలూ తల అడ్డం పెట్టాలి. ఆ తల హుత్‌ది, పక్కన ఆడిన వెస్ మోర్గన్‌ది. 38లో 35 మ్యాచ్‌లు ఆడాడు. ఈ మెడల్‌ని గీత మీద వచ్చిందనే ధైర్యం ఎవరికీ లేదనుకుంటాను.

లెక్కల_మనిషి:
ఆ ధైర్యం నాకూ లేదు. చాలా బాగా రాశారు. అయినా ఒక్క లెక్క ముందు పెట్టాలి, ఇది నన్ను నిజంగా ఆలోచింపజేస్తోంది. 2015-16లో లెస్టర్ తిన్న గోల్స్ 36. ఆ వేసవిలో డిఫెన్స్ ముందు కాపలా కాసే మిడ్‌ఫీల్డర్ కాంటే చెల్సీకి వెళ్లిపోయాడు. 2016-17లో హుత్, మోర్గన్ ఉన్నారు, గోల్‌లో ష్మైకేల్ ఉన్నాడు. తిన్న గోల్స్ 63. ఫిబ్రవరిలో రానియేరిని పంపించేశారు, జట్టు 12వ స్థానంలో ఆగింది. మరి గోడ ఎవరిది?

వెనకవరుస:
ఈ ప్రశ్న కోసమే ఎదురు చూస్తున్నాను. కాంటే వల్ల హుత్ పని తేలికైంది, ముమ్మాటికీ నిజం. హుత్‌కి వేగం తక్కువ. వెనక ఖాళీ మైదానం వదిలి పైకి ఆడిస్తే దొరికిపోతాడు. 2016-17లో ముందున్న కాపలా పోయేసరికి అదే జరిగింది. కానీ ఇదే కొలత టెర్రీకి కూడా పెట్టాలి కదా. మకెలెలెని మీ మొదటి పోస్టులో మీరే లెక్కలోకి తెచ్చారు. అక్కడ మకెలెలె ఉన్నందుకు టెర్రీ గొప్పతనం తగ్గలేదు, ఇక్కడ కాంటే ఉన్నందుకు హుత్‌ది తగ్గిందంటే ఎలా?

ఇంకో మాట. రక్షణ అంటే ప్రత్యర్థిని ఆపడం ఒక్కటే కాదు. 2016 జనవరి 13న టోటెన్‌హామ్ గ్రౌండ్‌లో 0-0గా ఉన్న మ్యాచ్‌లో 83వ నిమిషంలో కార్నర్‌కి హెడర్ కొట్టింది హుత్. ఆ ఏడాది చాలాకాలం లెస్టర్‌ని తరిమింది టోటెన్‌హామే. అక్కడ కాంటే ఏం సాయం చేశాడు?

"ఊరూరా తిరిగాడు" అన్న మాట మీదకే వస్తాను. చెల్సీ వదిలాక మూడు ఊళ్లు. మిడిల్స్‌బ్రోలో గాయం, అది వదిలేద్దాం. స్టోక్ అతనుండగా మొదటిసారి ఎఫ్ఏ కప్ ఫైనల్ చూసింది. లెస్టర్ పడిపోకుండా బతికి, ఏడాది తిరిగేసరికి ఛాంపియన్ అయింది. ప్రీమియర్ లీగ్‌లో మూడు వందలకు పైగా మ్యాచ్‌లు ఆడాడు. తిరగడం తప్పెలా అవుతుంది? వెళ్లిన చోట అవసరమైనవాడు అయ్యాడా లేదా అన్నది చూడాలి. నా బాధల్లా జర్మనీ గురించే. 2009 తర్వాత వాళ్లు అతన్ని మళ్లీ పిలవలేదు.

పాటర్స్_ఫ్యాన్:
ఆ తరంలో జర్మనీకి మెర్టెసాకర్, హుమెల్స్, బోటెంగ్ ఉన్నారన్నా. బంతిని పాదంతో ముందుకు తీసుకెళ్లగల డిఫెండర్లే అప్పటి కోచ్ లోవ్‌కి కావాలి. హుత్‌ని పిలవకపోవడాన్ని నేను తప్పు పట్టను, స్టోక్ వీరాభిమానిని అయ్యి కూడా.

నల్లకుంట_గోలీ:
నేను కూడా ఇక్కడ పాటర్స్ మాటే అంటాను. కానీ బాక్స్‌లోకి ఎత్తు బంతి వచ్చినప్పుడు నా ముందు ఎవరు ఉండాలో ఎంచుకోమంటే మాత్రం హుత్‌నే ఎంచుకుంటాను. చొక్కాలు లాగినా సరే.

లెక్కల_మనిషి:
టెర్రీ, మకెలెలె సంగతికి నా దగ్గర జవాబు లేదు. అది న్యాయమైన మాట. నా అభిప్రాయం కొంత మార్చుకుంటున్నాను: 2005, 2006 మెడళ్లను ఇప్పటికీ లెక్కలోకి తీసుకోను, 2016ని మాత్రం పూర్తిగా అతని ఖాతాలో వేస్తాను. గొప్ప డిఫెండర్ అని ఇంకా అనలేను. మామూలు డిఫెండర్ అని కూడా ఇకమీదట అనను.

టోటెన్‌హామ్ మ్యాచ్ నేను గోల్ ఒక్కటే చూశాను. ఈ ఆదివారం రికార్డింగ్ పెట్టుకుని మొదటి నిమిషం నుంచి హుత్‌ని మాత్రమే చూస్తూ 90 నిమిషాలూ కూర్చుంటాను. టోటెన్‌హామ్ స్ట్రైకర్ హ్యారీ కేన్‌కి ఎన్నిసార్లు చోటిచ్చాడో, ఎన్నిసార్లు ముందే అక్కడున్నాడో కాగితం మీద రాసుకుని సోమవారం ఇక్కడే పెడతాను.

వెనకవరుస:
తప్పకుండా పెట్టండి గారూ. నేను కూడా రాస్తాను, ఇద్దరివీ పక్కపక్కన పెట్టి చూద్దాం.