జపాన్‌లో సుషి క్లాసు: డబ్బు కట్టేముందు ఏం అడగాలి, అక్కడ దేనిమీద దృష్టి పెట్టాలి?

పయనాల_పద్దు
నవంబరులో టోక్యో, క్యోటో, ఒసాకా వెళ్తున్నాం. నలుగురిలో ఇద్దరు శాకాహారులు. మన చేతులతో సుషి చేయించే క్లాసులు చాలా కనబడుతున్నాయి కానీ ఫోటోలన్నీ ఒకేలా ఉన్నాయి. మంచి క్లాసుని ఎలా పోల్చుకోవాలి? ఇంటికొచ్చాక మళ్లీ చేసుకోగలిగేలా నేర్పేవి కావాలి. తెలిసినవాళ్లు వివరంగా చెప్పండి.

యొకొహామా_వంటిల్లు
ఒక్క ప్రశ్న అడగండి చాలు: "అన్నం మా ముందే కలుపుతారా, లేక కలిపి ఉంచింది ఇస్తారా?" గంటన్నర క్లాసుల్లో ఎక్కువభాగం కలిపిన అన్నం, కోసిన చేప ముక్కలు బల్లమీద సిద్ధంగా పెడతారు. మీరు చేసేది ఒత్తడం, చుట్టడం మాత్రమే. ఫోటోలకు అది చాలు, నేర్చుకోవడానికి చాలదు. సుషి అనే మాటకి మూలం పులుపే, దానికి ప్రాణం ఆ పుల్లటి అన్నమే. రెండున్నర, మూడు గంటల క్లాసు అయితే అన్నం కలపడం చూపించే అవకాశం ఎక్కువ. ఒక గురువుకు ఎంతమంది అన్నది కూడా అడగండి. ఎనిమిది మంది దాటితే మీ చేతిని సరిదిద్దే తీరిక ఆయనకు ఉండదు.

కొలతలు రాసుకోండి, క్లాసులో వేగంగా చెప్పేస్తారు. జపాన్‌లో బియ్యం కొలత "గో": 180 మిల్లీలీటర్లు, తూకంలో 150 గ్రాములు. రెండు గోలు, అంటే 300 గ్రాముల పొట్టిగింజ బియ్యానికి బియ్యపు వెనిగర్ 50 మిల్లీలీటర్లు, పంచదార 25 గ్రాములు, ఉప్పు 7 గ్రాములు. ఈ మూడూ కరిగేదాకా గోరువెచ్చగా చేస్తే చాలు. మరగనిస్తే వెనిగర్ వాసన ఎగిరిపోతుంది. బియ్యం నీళ్లు తేటపడేదాకా కడిగి, అరగంట నానబెట్టి, వంపేసి, 350 మిల్లీలీటర్ల నీళ్లతో వండాలి. మామూలు అన్నం కంటే నీళ్లు కాస్త తక్కువ, ఎందుకంటే తర్వాత వెనిగర్ రూపంలో తడి చేరుతుంది. పొయ్యి ఆపాక పది నిమిషాలు మూత తీయకండి.

ఆ తర్వాతే అసలు పని. హంగిరి అనే వెడల్పాటి చెక్క తొట్టిని ముందుగా నీళ్లతో తడిపి తుడవాలి. పొడి చెక్క వెనిగర్‌ని తాగేస్తుంది, అన్నం అంటుకుపోతుంది. అన్నం పొగలు కక్కుతుండగానే గరిట మీదుగా వెనిగర్ జారవిడిచి, గరిటను ఏటవాలుగా పట్టి కోస్తున్నట్టు కదపాలి. తిప్పి మెదిపితే మెతుకు విరిగి ముద్దవుతుంది. పులిహోర కలిపే చేతికి ఈ జాగ్రత్త అలవాటే. తేడా ఎక్కడంటే, పులిహోరకి అన్నం ముందు పళ్లెంలో ఆరబెట్టి తర్వాత పులుపు కలుపుతాం. ఇక్కడ వేడిమీదే కలపాలి, చల్లారిన మెతుకు వెనిగర్‌ని పీల్చదు. విసనకర్ర కూడా వెనిగర్ లోపలికి ఇంకాకే. ముందే విసిరితే పైన తడి, లోపల చప్పదనం. చివరికి ఒంటి వేడికి దిగాక తడిగుడ్డ కప్పి ఉంచాలి. ఫ్రిజ్‌లో మాత్రం పెట్టకండి, గట్టిపడిపోతుంది.

కరీంనగర్_కత్తిపీట
పైన చెప్పింది నిజం, కానీ చేపకోత నేర్పే క్లాసు దొరికితే దాన్ని వదలకండి. అది మన దగ్గర చూద్దామన్నా కనబడని పని. యనగిబా అనే సన్నటి పొడుగు కత్తికి ఒకవైపే పదును ఉంటది. కత్తి మడమ, అంటే పిడి వైపు చివర మొదలుపెట్టి మొన దాకా ఒక్క లాగుడులో కొయ్యాలి. రంపం లెక్క ముందుకీ వెనక్కీ ఆడిస్తే ముక్క అంచు చిరిగి గరుకుగా వస్తది. ట్యూనా, సాల్మన్‌లో తెల్లటి నరాల గీతలు కనబడతాయి కదా, వాటికి అడ్డంగా కొయ్యాలి. గీతల వెంబడి కోస్తే నోట్లో పీచుపీచుగా తగులుతది. ముక్క అర సెంటీమీటరు మందం, ఏడెనిమిది సెంటీమీటర్ల పొడవు, మూడు వెడల్పు. తూకం 12 నుంచి 15 గ్రాములు.

ఎడమచేతి వాటం వాళ్లు బుక్ చేసేటప్పుడే చెప్పాలె. ఒకవైపు పదునున్న కత్తి కుడిచేతికి చేసింది. ఎడమచేత పడితే ముక్క ఒరిగిపోతది. రెండువైపులా పదునున్న కత్తి ముందే అడిగి పెట్టించుకోండి.

యొకొహామా_వంటిల్లు
కత్తిపీట గారు చెప్పిన ముక్కకి సరిపడా అన్నం 15 నుంచి 20 గ్రాములే. కొత్తవాళ్లు 30 గ్రాములు పట్టేస్తారు. అప్పుడు చేప చిన్నగా, కింద అన్నం లడ్డూలా కనబడుతుంది. క్లాసులో చిన్న త్రాసు ఉంటే మొదటి నాలుగు ముద్దలు తూచుకోండి, తర్వాత చేతికే తెలుస్తుంది.

ఒత్తే తీరు ఇది. నీళ్లలో కాస్త వెనిగర్ కలిపిన "తెజు"తో అరచేతులు తడుపుకుని ఒకసారి చప్పట్లు కొట్టినట్టు విదిలించాలి. ఎడమచేతి వేళ్లమీద చేప, దానికి వేలితో వసాబి (ఘాటుగా ఉండే ఆకుపచ్చ నూరుడు), దానిమీద అన్నం ముద్ద. ఎడమ బొటనవేలితో ముద్ద నడుమ చిన్న గుంట నొక్కాలి. ఈ గుంటని చాలామంది మర్చిపోతారు, లోపల గాలి నిలిచేది దానివల్లే. ముద్దని దొర్లించి చేపని పైకి తేవాలి. కుడిచేతి రెండు వేళ్లతో పైనుంచి నొక్కుతూ, ఎడమ బొటనవేలు, వేళ్లతో పక్కలు సర్దాలి. అటుదిటు తిప్పి మళ్లీ ఒకసారి. అంతే. బయట గట్టిగా, లోపల వదులుగా, నోట్లో పెట్టగానే మెతుకులు విడిపోవాలి. పదిసార్లు పిసికితే ఒంటి వేడికి చేప కూడా మెత్తబడుతుంది. చేతులు మరీ తడిగా ఉంటే ముద్ద విచ్చిపోతుంది, పొడిగా ఉంటే మెతుకులన్నీ వేళ్లకే. తప్పులు ఎక్కువగా ఈ రెండే.

నంబా_నుంచి
చుట్టలకి వస్తే, నోరి అనే ఎండు సముద్రపు నాచు ఆకుకి నున్నటి మెరిసే వైపు, గరుకు వైపు ఉంటాయి. మెరిసేది వెదురుచాపకి ఆనించి, గరుకు వైపు అన్నం పరవాలి. హొసొమాకి అనే సన్నచుట్టకి సగం ఆకు, 80 గ్రాముల అన్నం. అవతలి అంచున ఒక సెంటీమీటరు ఖాళీ వదలండి. నడుమ గుట్టగా పోసి వేళ్లతో పక్కలకి తోయాలి, అణచకూడదు. లోపల పెట్టే దోసకాయ లాంటిది మీ వైపుకి కాకుండా అన్నం మధ్యలో పెట్టి, ఇవతలి అన్నం అంచుని అవతలి అన్నం అంచుకి ఒక్కసారిగా చేర్చాలి. నెమ్మదిగా చాప చుట్టినట్టు చుడితే దోసకాయ ముక్క ఒక పక్కకి జరిగి గుండ్రంగా రాదు.

కోసేటప్పుడు ప్రతి కోతకీ కత్తిని తడిగుడ్డతో తుడవండి. ముందు సగానికి, తర్వాత రెండు సగాల్నీ పక్కపక్కన పెట్టి మూడేసి ముక్కలు. మొత్తం ఆరు. కత్తికి జిగురు పట్టిందంటే నోరి చిరుగుతుంది, తప్పు చుట్టడంలో ఉందనుకుంటారు.

ఊరిని బట్టి ఏం నేర్చుకోవాలో ఎంచుకోమని నా సలహా. నిగిరి, అంటే పైన చెప్పిన చేత్తో ఒత్తే సుషి, టోక్యో సొత్తు. ఆ ఊరిని ఎదో అని పిలిచే కాలంలో అక్కడే పెరిగింది. ఒసాకా వాళ్లది చెక్క పెట్టెలో అదిమి చేసే ఒషిజుషి. మాకెరెల్‌తో చేసే బత్తెరా అందులోదే. సముద్రానికి దూరంగా ఉన్న క్యోటోకి ఉప్పువేసిన మాకెరెల్ ఒబామా రేవు నుంచి కొండదారిన వచ్చేది, అందుకే అక్కడ ఆ చేపతో చేసే సబాజుషి. మూడు ఊళ్లలోనూ అదే సాల్మన్ నిగిరి చేసే బదులు ఒక్కోచోట ఒక్కోటి పట్టండి. పెట్టె సుషి ఇంట్లో చేసుకోవడానికి కూడా తేలిక. చేతి నేర్పు కంటే సమానంగా అదమడమే ముఖ్యం.

ఆనపపాదు
శాకాహారులకి అసలు చిక్కు చేప ముక్క కాదు, దాషి. కత్సువోబుషి అనే ఎండు చేప తురుముతో కాచిన ఆ చారు చాలావాటిలో ఉంటుంది. గుడ్డు అట్టు తమాగోయాకిలో, ఇనారి అనే వేయించిన టోఫు సంచీని ఉడికించిన పాకంలో, క్లాసు చివర ఇచ్చే మిసో సూపులో. "వెజిటేరియన్ మెనూ ఉంది" అన్నంతమాత్రాన ఇవి తీసేశారని అనుకోకండి. ముందే రాసి పంపండి: "నికు, సకానా, సకానా నో దాషి మో తబెరారెమాసెన్", అంటే మాంసం, చేప, చేపచారు కూడా తినలేం అని. కోంబు అనే సముద్రపు నాచుతో కాచిన దాషి అయితే పేచీ లేదు.

ఇంకో రెండు చోట్ల జాగ్రత్త. పీత కడ్డీలా ఎర్రగా తెల్లగా కనబడే కనికామా నూరిన చేపమాంసంతో చేసింది. లావుచుట్టలో చల్లే గులాబీరంగు పొడి సకురా దెన్బు కూడా తరచు కాడ్ చేపే. మిరిన్ అనే తియ్యటి వంట ద్రవంలో సారాయి ఉంటుంది, పట్టింపు ఉన్నవాళ్లు అడగాలి.

నిశ్చింతగా తినగలిగేవి: దోసకాయతో కప్పామాకి, పసుపురంగు ముల్లంగి ఊరగాయ తకువాన్‌తో చుట్ట (ఊరగాయలో దాషి కలిపారేమో అడగండి), ఉమెబోషి (ఉప్పులో ఊరిన పుల్లటి పండు), నత్తో (పులియబెట్టిన సోయా గింజలు, దానితో ఇచ్చే సాస్‌లో దాషి ఉందేమో అడగండి), అవకాడో. అన్నిటికంటే మనవాళ్లకి పరిచయంగా అనిపించేది కంప్యో. అది మన ఆనపకాయ, తెలంగాణలో సొరకాయ అంటారే, ఆ జాతి కాయనే రిబ్బనులా చెక్కి ఎండబెట్టింది. టోచిగి ప్రాంతం దానికి పేరు. ఉప్పుతో నులిమి కడిగి, మెత్తబడేదాకా ఉడకబెట్టి, సోయా సాస్, పంచదార, మిరిన్‌లో మగ్గిస్తారు. కోంబు నీళ్లలో మగ్గించమని అడిగితే పూర్తిగా శాకాహారమే.

పయనాల_పద్దు
చాలా ఉపయోగపడింది, అందరికీ ధన్యవాదాలు. చేపల మార్కెట్ చూపించి తర్వాత క్లాసు పెట్టేవి కూడా ఉన్నాయి. అవి ఎలా ఉంటాయి? కత్తి కొనుక్కుని తెచ్చుకోవచ్చా?

నంబా_నుంచి
టోకు వేలాలు జరిగే లోపలి మార్కెట్ 2018 అక్టోబరులో త్సుకిజి నుంచి తొయొసుకి మారింది. త్సుకిజిలో మిగిలింది బయటి మార్కెట్, అంటే చిల్లర కొట్లు. నడకకి అదే బాగుంటుంది. ఆదివారాలు, కొన్ని బుధవారాలు తొయొసుకి సెలవు. ఆ రోజుల్లో త్సుకిజిలోనూ చాలా కొట్లు మూసే ఉంటాయి. మధ్యాహ్నం రెండయ్యేసరికి సందడి తగ్గిపోతుంది. కాబట్టి మామూలు రోజున పొద్దున్నే మొదలయ్యే క్లాసు చూసుకోండి.

సామానుకి టోక్యోలో కప్పాబాషి వీధి, ఒసాకాలో నంబా దగ్గరి దొగుయాసుజి. కప్పాబాషిలో మైనంతో, ప్లాస్టిక్‌తో నకిలీ సుషి చేయించే క్లాసులు కూడా ఉంటాయి. బుక్ చేసేటప్పుడు వివరం చదవండి.

కరీంనగర్_కత్తిపీట
కత్తి తెచ్చుకోవచ్చు, కానీ కొట్టువాళ్లు కట్టిన ప్యాకింగ్ విప్పకుండా నేరుగా చెక్‌ఇన్ పెట్టెలో పెట్టండి. జపాన్‌లో 6 సెంటీమీటర్లు దాటిన కత్తి సరైన కారణం లేకుండా వెంట తిప్పడం నేరం. కొన్నాక అదే సంచీతో ఊరంతా తిరగకుండా హోటల్‌లో పెట్టేసి రండి. తెల్ల ఉక్కు యనగిబా మన వానాకాలంలో ఒక్క రాత్రి తడిగా వదిలినా తుప్పు పడతది. వంటకి కొత్తవాళ్లయితే స్టెయిన్‌లెస్ తీసుకోండి. నిజానికి మొదట కొనాల్సింది కత్తి కాదు, వెదురుచాప. తక్కువ ధర, బరువు లేదు.

పయనాల_పద్దు
ఇంటికొచ్చాక బియ్యం, చేప సంగతి?

యొకొహామా_వంటిల్లు
సోనా మసూరి పనికిరాదు. మెతుకు విడివిడిగా ఉండడమే దాని గుణం, ముద్ద నిలవదు. పొట్టిగింజ జపొనికా రకం కొనండి. సింథటిక్ వెనిగర్ కూడా వద్దు, దాని ఘాటు అన్నాన్ని మింగేస్తుంది. నోరి ప్యాకెట్ తెరిచాక తేమ పీల్చే పొట్లంతో సహా గాలి చొరని డబ్బాలో పెట్టాలి. విశాఖ, కాకినాడ లాంటి చోట్ల పది నిమిషాలు బయట ఉంటే మెత్తబడి నమిలినా తెగదు. మెత్తబడితే సన్నటి మంటకి ఎత్తుగా పట్టి రెండుమూడు సెకన్లు ఆడించండి, మళ్లీ కరకరలాడుతుంది.

రొయ్యల_గట్టు
చేప విషయంలో గట్టిగా చెప్తాను: బజారు చేపని ఎంత తాజాదైనా పచ్చిగా తినకండి. సముద్రపు చేపలో అనిసాకిస్ అనే సన్నటి తెల్లపురుగు ఉండొచ్చు. వెనిగర్, వసాబి దాన్ని చంపవు. ముక్క నడిమి దాకా మైనస్ 20 డిగ్రీల్లో కనీసం 24 గంటలు గడ్డకట్టాలని జపాన్ సర్కారు చెప్పే లెక్క. ఇంటి ఫ్రిజ్ అంత చల్లదనాన్ని నిలకడగా ఇస్తుందని నమ్మలేం. రవ్వ, బొచ్చె లాంటి చెరువు చేపల్లో వేరే పరాన్నజీవుల బెడద ఉంది, వాటి ఊసే వద్దు. గర్భిణులు క్లాసులో కూడా ఉడికించినవే అడగాలి.

దానికి బదులు మన దగ్గర చక్కగా కుదిరేది ఉడికించిన రొయ్య, "ఎబి" నిగిరి. భీమవరం వైపు దొరికే వనామి రొయ్యలో 40 కౌంట్ (కిలోకి 40) తీసుకుంటే ఒలిచాక ఒక్కోటి నిగిరికి సరిపోతుంది. తల తీసి, పెంకు ఉంచి, కాళ్లవైపు పొట్ట వెంబడి తల దగ్గర్నుంచి తోక దాకా వెదురుపుల్ల గుచ్చండి. పుల్ల లేకుండా ఉడికిస్తే ముడుచుకుపోయి అన్నంమీద పరుచుకోదు. ఉప్పునీళ్లలో రెండు మూడు నిమిషాలు, వెంటనే ఐసు నీళ్లలో. చల్లారాక పుల్లని తిప్పుతూ లాగాలి, నేరుగా లాగితే కండ చీలుతుంది. పెంకు ఒలిచి, పొట్టవైపు నుంచి వీపు తెగకుండా చీల్చి, పుస్తకంలా తెరిచి, నల్లనరం తీసి, వెనిగర్ కలిపిన నీళ్లలో ఒకసారి ముంచి తుడవండి. ఎర్రచారలు పైకి వచ్చేలా పెట్టి ఒత్తాలి.