ధైర్యవంతుడి స్కిట్: బల్లి రాగానే నవ్వులు ఆగిపోతున్నాయి

ప్రశ్న | వైట్‌ఫీల్డ్ ఉగాది బృందం
బెంగళూరు వైట్‌ఫీల్డ్‌లో మా అపార్ట్‌మెంట్ క్లబ్‌హౌస్‌లో ఉగాదికి 10 నిమిషాల స్కిట్. ఒకే గదిలో ఉండే ఇద్దరు స్నేహితులు. తనంత ధైర్యవంతుడు లేడని నిరూపించబోయి ఒకడు బల్లికి హడలిపోతాడు. మొదట్లో బాగా నవ్వుతున్నారు, బల్లి దగ్గర చప్పబడుతోంది. రబ్బరు బల్లిని దారంతో లాగుతున్నాం. కాలర్ మైకులు రెండున్నాయి. తేడా ఎక్కడ కొడుతోందండీ?

జవాబు | రంగస్థలం
రెండోవాడు ఏం చేస్తున్నాడో రాయలేదు. వెక్కిరిస్తుంటే మాత్రం అదే తేడా. విరాటపర్వంలో ఉత్తర కుమారుణ్ని చూడండి. ఆడవాళ్ల ముందు కోతలు కోసి, సరైన సారథి లేడు గానీ అంటాడు. సైరంధ్రి వెంటనే బృహన్నలను చూపిస్తుంది. ఇక తప్పించుకునే దారేదీ? కౌరవసేన కనబడగానే రథం దిగి పరుగు. ఆ పరుగు కంటే సాకు ఊడిపోవడంలోనే నవ్వు ఎక్కువ.

కాబట్టి స్నేహితుడు వీణ్ని మనస్ఫూర్తిగా నమ్మాలి. "చీపురుంటే కొట్టేవాణ్నిరా" అంటే చీపురు తెచ్చివ్వాలి. "సరిగ్గా కనబడట్లేదు" అంటే టార్చి వెయ్యాలి. "చెప్పుల్లేవే" అంటే తనవే విప్పివ్వాలి. మూడు సాకులు చాలు, నాలుగోదాన్ని జనం ముందే పసిగడతారు. మూడోది తీరాక వాణ్ని రెండు క్షణాలు మాట లేకుండా నిలబెట్టండి.

జవాబు | తెరవెనక
మూడంగుళాల బల్లి వెనక వరుసలకు కనబడదు. దాన్ని తీసేయండి. గోడమీద ఏడడుగుల ఎత్తున, మూరెడు ఎడంతో రెండు టేపు ముక్కలు అంటించండి. ఇద్దరి చూపూ మొదటి ముక్కమీద ఆగి, ఒకేసారి నెమ్మదిగా రెండోదానికి జరగాలి. ఒకడి చూపు జానెడు పక్కకు పోయినా బల్లి మాయమే.

వాడు స్నేహితుణ్ని కరుచుకున్నప్పుడు కాలర్ మైకులు బట్టకు రాసుకుని గరగరమంటాయి. చెవి ముందు బుగ్గమీద మెడికల్ టేపుతో అంటించి, తీగ మెడ వెనక నుంచి దించండి. రిహార్సల్‌లోనే పూర్తి గొంతుతో అరిచి చూపించాలి, లేకపోతే సౌండ్ అబ్బాయికి ఎంత తగ్గించాలో తెలీదు. ప్లాస్టిక్ కుర్చీ మాత్రం ఎక్కించకండి, టైల్స్ మీద జారుతుంది.

ప్రశ్న | వైట్‌ఫీల్డ్ ఉగాది బృందం
చూసేవాళ్లలో సగం మంది కన్నడం, తమిళం వాళ్లు. సాకులు అర్థమవుతాయా?

జవాబు | రంగస్థలం
చీపురు, టార్చి, చెప్పులు చేతికి అందుతుంటే భాష అక్కర్లేదు. గోల విని తలుపు బయట వాచ్‌మన్ కన్నడంలో "ఏనాయ్తు సార్?" (ఏమైంది సార్?) అంటే అందరికీ అందుతుంది. గొంతు వినిపిస్తే చాలు. మనిషి లోపలికొస్తే జనం కళ్లు బల్లిని వదిలేస్తాయి. నవ్వు సగానికి తగ్గాకే ఆ మాట అనిపించండి, పూర్తిగా ఆగేదాకా చూస్తే ఊపు పోతుంది.