సరిహద్దు జిల్లాల్లో వికలాంగుల సర్టిఫికెట్, బ్యాంకు మెట్లు, పరీక్షకు స్క్రైబ్: మీ అనుభవాలు తెలియజేయగలరు

వంశధార_ఒడ్డు (పర్లాకిమిడి):
సభ్యులందరికీ నమస్కారం. మా అబ్బాయికి పుట్టుకతోనే సెరిబ్రల్ పాల్సీ (మెదడు లోపం వల్ల కదలికలు, మాట అదుపులో ఉండని వైకల్యం) ఉన్నది, ప్రస్తుతం తొమ్మిదో తరగతి చదువుతున్నాడు. వైద్యమంతా విశాఖపట్నంలోని ఒక ప్రభుత్వ ఆసుపత్రిలో జరిగినందువల్ల వికలాంగ సర్టిఫికెట్ కూడా అక్కడే తీసుకున్నాము. ఇప్పుడు ఇక్కడి కార్యాలయం ఒకదానిలో అది ఆంధ్రా కాగితమని, ఒడిశాలో చెల్లదని చెప్పి తిప్పి పంపారు. ఇది మొదటి చిక్కు. అబ్బాయి ఖాతా ఉన్న బ్యాంకు శాఖకు వీధిలోంచి నిటారు మెట్లు తప్ప వేరే దారి లేనందున, చక్రాల కుర్చీని కింద ఎవరికో అప్పగించి వాడిని ఎత్తుకొని పైకి తీసుకువెళ్తున్నాను. వాడు ఎదుగుతున్నాడు, నాకు వయసు మీదపడుతున్నది. మూడవది అన్నిటికన్నా తొందరైనది. వచ్చే సంవత్సరం బోర్డు పరీక్ష. వాడి మాట ముద్దగా ఉంటుంది, అలవాటైనవారికే తెలుస్తుంది. కొత్త మనిషిని స్క్రైబ్‌గా, అంటే వాడు చెప్పింది రాసేవాడిగా, కూర్చోబెడితే వాడు చెప్పేది ఒకటి, ఆయన రాసేది మరొకటి అవుతుంది. మా బంధువుల పిల్లవాడినే తీసుకువెళ్లే వీలు ఉన్నదా? అనుభవం ఉన్నవారు దయచేసి చెప్పగలరు.

కొండదారి (రాయగడ):
అయ్యా, మీ అబ్బాయి సర్టిఫికెట్‌లో వైకల్యం ఎంత శాతం వేశారో రాయలేదు, అసలు సంగతి అక్కడే ఉన్నది. మా తమ్ముడికి పోలియో. ఒడిశాలో 2025 నుంచి 80 శాతం, ఆపైన ఉన్నవారికి నెలకు 3500 రూపాయల పెన్షన్ ఇస్తున్నారు, మావాడు ఆ గీతకు కొంచెం కిందనే ఆగిపోయాడు. పార్వతీపురంలో ఉన్న మా మేనత్త కొడుకుకి మావాడికన్నా తక్కువ శాతమే ఉన్నా 2024 నుంచి 6000 అందుతున్నది. పండుగకు ఇద్దరూ ఒకే పంక్తిలో కూర్చొని భోజనం చేస్తుంటే మా అమ్మ ఆ రెండు అంకెలే తలచుకుంటుంది. కాలు ఒక్కటే, జబ్బు ఒక్కటే, మధ్యలో ఉన్నదల్లా ఒక చెక్‌పోస్టు.

సెక్షన్_58 (జయపురం):
ఈ చర్చలో చట్టం చదివినవారు ఎవరూ ఉన్నట్లు లేదు గనుక నేనే చెప్పవలసి వస్తున్నది. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం 2017 ఏప్రిల్ 19 నుంచి అమలులో ఉన్నది. అందులో 58వ సెక్షన్ మూడవ ఉపవిభాగం, ఈ సర్టిఫికెట్ దేశమంతటా చెల్లుతుందని ఒక్క వాక్యంలో చెప్పింది. 2017 నిబంధనల్లో 17వది మరింత స్పష్టం: నివాస జిల్లాలోని వైద్యాధికారికి దరఖాస్తు చేసుకోవచ్చు, లేదా చికిత్స పొందిన ప్రభుత్వ ఆసుపత్రిలోనూ చేసుకోవచ్చు. కాబట్టి విశాఖ కాగితంలో లోపమేమీ లేదు. చెల్లదన్న ఉద్యోగిని ఆ మాటనే రాసి ఇమ్మని అడగండి. నేను చాలా కార్యాలయాల్లో చూశాను, నోటితో చెప్పినంత ధైర్యంగా కలంతో చెప్పేవారు లేరు.

లెక్క_సరిచూడు (బరంపురం):
సర్టిఫికెట్ చెల్లుతుంది, సరే. దాని వెనుక జరిగే వ్యవహారం గురించి ఎవరూ మాట్లాడరేమి? ఇచ్ఛాపురం వైపు ఒక చిరునామా, ఇటువైపు ఒక చిరునామా పెట్టుకొని రెండు రాష్ట్రాల్లోనూ పెన్షన్ తీసుకునేవారిని నేను ఎరుగుదును. అటువంటివారి మూలంగానే నిజమైన వికలాంగుడు కూడా కౌంటరు దగ్గర దొంగలా నిలబడవలసి వస్తున్నది. మోసంతో ప్రయోజనం పొందినవారికి అదే చట్టంలోని 91వ సెక్షన్ రెండు సంవత్సరాల వరకు జైలు, లేదా లక్ష రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ పెట్టింది. సెక్షన్లు వల్లించేవారు దీన్ని కూడా వల్లించాలి.

కొండదారి (రాయగడ):
నా టపా కిందనే ఈ మాట రాయడంలో మీ ఉద్దేశమేమిటి? మేము రెండు చోట్ల తీసుకుంటున్నామని నేను ఎక్కడైనా అన్నానా? తమ్ముడికి రావలసిన ఒక్క పెన్షనే సరిగా రాక ఏడుస్తుంటే, మాకు రెండు అంటగడుతున్నారు.

లెక్క_సరిచూడు (బరంపురం):
మిమ్మల్ని పేరు పెట్టి అనలేదు. గుమ్మడికాయ దొంగ అంటే భుజాలు తడుముకోవడం ఎందుకు?

పొట్టంగి_వాసి (కొరాపుట్ జిల్లా):
బరంపురం వారు రైలుమార్గం పక్కన కూర్చొని తీర్పులు ఇస్తున్నారు. ఒకసారి కోటియా వైపు రండి. ఆ గ్రామాలు తమవేనని రెండు రాష్ట్రాలూ అంటాయి, వివాదం దశాబ్దాలుగా సుప్రీంకోర్టు చుట్టూ తిరుగుతున్నది. ఇద్దరు అధికారులూ కొండ ఎక్కి వచ్చి మీరు మా పౌరులేనని కార్డులు చేతిలో పెడితే, కంటిచూపు లేని ముసలమ్మ ఏది తీసుకోవాలి, ఏది తిరిగి ఇవ్వాలి? ప్రభుత్వాలు తేల్చుకోలేని సరిహద్దును ఆమె తేల్చుకోలేదని జైలుకు పంపుతారా?

సెక్షన్_58 (జయపురం):
91వ సెక్షన్ భాషను బరంపురం వారు సగమే చదివారు. ప్రామాణిక వైకల్యం, అంటే 40 శాతం లేదా అంతకు మించి ఉన్నవారికి ఉద్దేశించిన ప్రయోజనాన్ని మోసంతో పొందేవారి గురించి అది చెబుతున్నది. నా అభిప్రాయంలో ఆ సెక్షన్ గురి, లేని వైకల్యాన్ని ఉన్నట్లు చూపించేవారి మీద. నిజంగా వైకల్యం ఉండి రెండు చోట్ల తీసుకున్నవారి విషయం పెన్షన్ పథకాల సొంత నిబంధనల కిందికి వస్తుంది. సర్టిఫికెట్‌కు సరిహద్దు లేదు. పెన్షన్‌కు నివాసం కావాలి. ఈ రెండింటినీ కలిపి కలగాపులగం చేస్తే పర్లాకిమిడి వారికి ఒరిగేదేమీ లేదు.

లెక్క_సరిచూడు (బరంపురం):
మీ అభిప్రాయం మీ దగ్గరే ఉంచుకోండి, మీరేమీ న్యాయమూర్తి కారు. ముసలమ్మను అడ్డుపెట్టుకొని వాదించడం పొట్టంగి వారికి తగదు. కోటియా వేరు, నేను చెబుతున్నవారు వేరు. వీరికి రెండువైపులా మేడలున్నాయి.

నిర్వాహకుడు:
పెన్షన్ వాదన ఇంతటితో ఆపవలసిందిగా కోరుతున్నాను. ఇకపై వ్యక్తిగత ఆరోపణలు తొలగించబడతాయి.

విశ్రాంత_ఇంజనీరు (బల్లార్షా):
బ్యాంకు మెట్ల గురించి ఎవరూ ప్రస్తావించకపోవడం ఆశ్చర్యంగా ఉన్నది. నేను ఉద్యోగ జీవితమంతా ప్రభుత్వ భవనాలే కట్టించినవాణ్ణి గనుక అధికారపూర్వకంగా చెప్పగలను. ర్యాంపు వాలు ఒకటికి పన్నెండు ఉండాలి. అరుగు ఎత్తు మూడు అడుగులైతే ముప్ఫై ఆరు అడుగుల ర్యాంపు కావాలి, మధ్యలో సమతలం, రెండువైపులా పట్టుకోవడానికి కమ్మీలు కూడా ఉండాలి. మన జిల్లాల్లో కట్టేవన్నీ స్కూటరు ఎక్కించే వాలులే, వాటి మీద చక్రాల కుర్చీ ఎక్కదు, దిగితే ఆగదు. ఇక చట్టం సంగతి. 45వ సెక్షన్ పాత ప్రజా భవనాలకు నిబంధనలు వెలువడిన నాటి నుంచి ఐదు సంవత్సరాల గడువు ఇచ్చింది. నిబంధనలు 2017 జూన్‌లో వచ్చాయి, ఆ గడువు 2022 జూన్‌తోనే తీరిపోయింది.

మార్కెట్_వీధి (ధర్మాబాద్):
ఇంజనీరు గారూ, ముప్ఫై ఆరు అడుగుల ర్యాంపు ఎక్కడ కట్టాలి, రోడ్డు మీదనా, ఎదురు దుకాణంలోనా? మా వీధి వెడల్పు మీకు తెలియదు. పైగా బ్యాంకులు చాలావరకు అద్దె భవనాల్లో ఉంటాయి, యజమాని ఒప్పుకోనిదే మేనేజరు ఇటుక కూడా కదపలేడు. మరొక మాట, ఈ ఒకటికి పన్నెండు మీరు ఉద్యోగంలో ఉన్నప్పుడు గుర్తుకు రాలేదా? మీ కాలంలో కట్టిన తాలూకా కార్యాలయాలన్నీ మెట్ల మీదనే ఉన్నాయి.

విశ్రాంత_ఇంజనీరు (బల్లార్షా):
నక్షా మీద సంతకం చేసేవాడు వేరు, డబ్బు మంజూరు చేసేవాడు వేరు. ఆ తేడా తెలియనివారితో వాదించను. అయితే అద్దె భవనం అన్న సాకు చెల్లదు. ప్రజలు వాడుకునే ప్రైవేటు భవనం కూడా ప్రజా భవనమేనని చట్టంలోని నిర్వచనం చెబుతున్నది. వీధి ఇరుకైతే చక్రాల కుర్చీని బల్లతో సహా పైకెత్తే లిఫ్టు పెట్టవచ్చు, లేదా కింది అంతస్తుకు శాఖను మార్చవచ్చు. ఉల్లంఘనకు 89వ సెక్షన్ మొదటిసారి పది వేల వరకు జరిమానా, ఆ తరువాత ప్రతిసారీ 50 వేల నుంచి ఐదు లక్షల వరకు పెట్టింది.

సెక్షన్_58 (జయపురం):
ఇంజనీరు గారు ముఖ్యమైన తీర్పును వదిలేశారు. రాజీవ్ రతూరీ కేసులో సుప్రీంకోర్టు 2024 నవంబర్ 8న, 2017 నిబంధనల్లో భవనాల అందుబాటు ప్రమాణాల గురించిన 15(1)ని కొట్టివేసింది. చట్టం తప్పనిసరి అన్నదాన్ని ఆ నిబంధన సలహా స్థాయికి దించిందని, తప్పనిసరి ప్రమాణాలు మూడు నెలల్లో రూపొందించాలని చెప్పింది. ఆ కేసుకు నివేదిక తయారుచేసింది మన హైదరాబాదులోని నల్సార్ విశ్వవిద్యాలయపు వికలాంగ అధ్యయన కేంద్రమే. పర్లాకిమిడి వారు చేయవలసినది ఒక్కటే. బ్యాంకు ప్రభుత్వ రంగానిదైతే 23వ సెక్షన్ ప్రకారం ఫిర్యాదుల అధికారి ఉండాలి, ఫిర్యాదుల రిజిస్టరు ఉండాలి, నమోదు చేసిన రెండు వారాల్లో విచారణ జరగాలి. ఆ రిజిస్టరు చూపించమని అడగండి, మిగిలినది వారి ముఖాలే చెబుతాయి. అక్కడ న్యాయం జరగకపోతే ఢిల్లీలోని కేంద్ర వికలాంగుల ప్రధాన కమిషనర్‌కు రాయండి. విచారణలో ఆ కమిషనర్‌కు సివిల్ కోర్టు అధికారాలు ఉంటాయి.

ప్రాణహిత_తీరం (సిరొంచ):
మెట్లు, ర్యాంపులు కంటికి కనిపిస్తాయి గనుక అందరూ వాటి గురించే రాస్తారు. మా అమ్మాయికి సికిల్ సెల్ అనే రక్త సంబంధమైన జబ్బు. బయటికి చూస్తే ఏ లోపమూ ఉండదు, నొప్పి వచ్చిన రాత్రి మాత్రం మంచం పట్టుకొని మెలికలు తిరుగుతుంది. 1995 నాటి పాత చట్టంలో ఉన్న ఏడు వైకల్యాలు 2016లో ఇరవై ఒకటి అయ్యాయి, అందులో సికిల్ సెల్, తలసేమియా, హీమోఫిలియా చేరాయి. మా గడ్చిరోలి జిల్లాలోనూ, కొరాపుట్ వైపూ ఆదివాసీ కుటుంబాల్లో ఈ జబ్బు ఎంతగా ఉన్నదో ఇక్కడివారికి చెప్పనక్కరలేదు. సంతోషించి సర్టిఫికెట్ తీసుకున్నాక తెలిసినదేమంటే, 34వ సెక్షన్ కింద ప్రభుత్వోద్యోగాల్లో ఇచ్చే నాలుగు శాతం రిజర్వేషన్‌లో రక్త సంబంధమైన జబ్బులకు చోటే లేదు. జాబితాలో పేరు ఉన్నది, ఉద్యోగంలో వాటా లేదు. ఉన్నత విద్యలో ఐదు శాతం మాత్రం 40 శాతం, ఆపైన ఉన్నవారందరికీ వర్తిస్తుంది, మేము దాన్నే పట్టుకొని ఉన్నాము. నది దాటి కాళేశ్వరం వెళ్తే తెలంగాణలో 4016 పెన్షన్. మా వైపు సంజయ్ గాంధీ నిరాధార్ పథకంలో అంతకన్నా తక్కువే. నిర్వాహకులు పెన్షన్ మాట వద్దన్నారు గాని, నోటికి వచ్చేసింది.

లెక్క_సరిచూడు (బరంపురం):
సికిల్ సెల్‌ను వైకల్యంలో చేర్చడమే సరికాదని నా భావన. అది రోగం. రోగానికి మందు ఇవ్వాలి గాని రిజర్వేషన్ కాదు.

ప్రాణహిత_తీరం (సిరొంచ):
పరీక్ష నాడు నొప్పి వచ్చిన పిల్లకు మీ భావన వినిపిస్తాను.

గుణుపురం_పంతులమ్మ:
పై వాదనలన్నీ చదివాను. ఆ తండ్రిగారు మొదట తొందర అని రాసిన ప్రశ్నకు ఎవరూ జవాబు ఇవ్వలేదు గనుక రాస్తున్నాను. కేంద్రం 2018 ఆగస్టులో ఇచ్చిన పరీక్షల మార్గదర్శకాలు సొంత స్క్రైబ్‌ను తెచ్చుకునే వీలు ఇచ్చాయి, అయితే ఆ స్క్రైబ్ చదువు అభ్యర్థి కన్నా ఒక మెట్టు తక్కువ ఉండాలని అప్పుడు చెప్పాయి. ఆ లెక్కన మీ బంధువుల పిల్లవాడు ఎనిమిదిలోనో తొమ్మిదిలోనో ఉంటే ఇబ్బంది రాకూడదు. ఇంటరు చదివేవాణ్ణి తీసుకువెళ్తే గేటు దగ్గరే ఆపుతారు. అదనపు సమయం గంటకు కనీసం 20 నిమిషాలు, దాన్ని కూడా దరఖాస్తులోనే అడగాలి. మా పాఠశాలలో ఇటువంటి ఒక అమ్మాయికి ప్రధానోపాధ్యాయుల ద్వారా ముందే రాయించాము. పరీక్ష గదిలో పర్యవేక్షకులు అభ్యంతరం చెప్పగా ఆమోదపత్రం నకలు చూపించాము, వారు మౌనంగా వెళ్లి కూర్చున్నారు. ఆ అమ్మాయి మంచి మార్కులతో ఉత్తీర్ణురాలైంది. బోర్డు నిబంధనలు ఏటా మారుతుంటాయి గనుక మీ ప్రధానోపాధ్యాయుల దగ్గర ఈ సంవత్సరపు ఉత్తర్వు చూడండి. పదో తరగతి ఫారాలు నింపకముందే దరఖాస్తు ఇచ్చి, తేదీ వేసిన రసీదు తీసుకోండి. విశాఖ సర్టిఫికెట్ నకలు దానికి జతచేయండి, అది చెల్లుతుంది. ఇప్పటి నుంచే ఆ పిల్లవాణ్ణి మీ అబ్బాయి పక్కన కూర్చోబెట్టి లెక్కల పాఠం రాయించండి. బీజగణితం నోటితో చెప్పి రాయించడం కథా వ్యాసాలు చెప్పినంత సులభం కాదు.