రేడియో వదిలి డిజిటల్ కన్సల్టెంట్‌గా మారినవాళ్లు ఉన్నారా? మీ అనుభవాలు చెప్పండి

మధ్యాహ్నంషిఫ్ట్:
హైదరాబాద్‌లో ఒక ప్రైవేట్ ఎఫ్ఎంలో ఆర్జేని, పదేళ్లు దాటింది. ఈ మధ్య ఒకచోట రికార్డు చేసిన షోనే నాలుగు ఊళ్లలో వేస్తున్నారు, నా షో ఎన్నాళ్లుంటుందో తెలీదు. తెలిసినవాళ్లకి ఇన్‌స్టా పేజీలు చూసిపెడుతున్నా, స్క్రిప్టులు రాసిస్తున్నా, డబ్బులడగాలంటేనే మొహమాటం. దీన్నే పనిగా పెట్టుకుంటే ఇల్లు గడుస్తుందా? అసలు ఈ కన్సల్టెంట్లు రోజంతా ఏం చేస్తారు? 'గొంతు బాగుంది కదా, ఏదో ఒకటి దొరుకుతుందిలే' అనేవాళ్లు దయచేసి ఆగండి, ఆ మాట ఇంట్లో రోజూ వింటున్నా.

పాతస్పూలు:
నాది ఇదే దారి కాబట్టి కొంచెం పెద్దగా రాస్తా, ఓపికుంటే చదవండి.

సైఫాబాద్ ఆకాశవాణిలో క్యాజువల్ అనౌన్సర్‌గా, అంటే డ్యూటీ పడిన రోజుకే డబ్బులొచ్చే పనితో మొదలుపెట్టాను. క్యాజువల్స్‌కి నెలకి ఆరు డ్యూటీలు మించి ఇవ్వరు, దాంతో ఎవరికీ ఇల్లు గడవదు, అందుకే మిగతా రోజులు కృష్ణానగర్‌లో డబ్బింగ్ థియేటర్ల చుట్టూ తిరిగేవాణ్ని. ఆకాశవాణిలోనే స్పూల్ టేపు (పాతకాలం రికార్డింగ్ టేపు చుట్ట) మీద పెన్సిల్‌తో గుర్తు పెట్టి, బ్లేడుతో కోసి అతికించడం నేర్చుకున్నా. వార్తలకి ముందు ఇరవై సెకన్లు మిగిలితే ఆ ఇరవై సెకన్లే మాట్లాడాలి, ఢిల్లీ నుంచి బులెటిన్ మన కోసం ఆగదు. కాస్త నిశ్శబ్దం వచ్చినా డ్యూటీ రూమ్‌లో లాగ్ బుక్కుకెక్కేది. 2006లో ఊళ్లోకి ప్రైవేట్ ఎఫ్ఎంలు వచ్చాక అటు వెళ్లా, తర్వాత అదీ వదిలేశా.

ఇప్పుడు చేసే పని చెప్తా. నా క్లయింట్లలో ఇద్దరు డాక్టర్లు, అమీర్‌పేటలో ఒక కోచింగ్ సెంటర్, ఒక చీరల షాపు. డాక్టరు గారు షుగర్ గురించి నలభై నిమిషాలు చెప్తారు, అందులో జనం చివరిదాకా వినేది ఒకటిన్నర నిమిషం ఎక్కడుందో పట్టుకోవడం నా పని. నెల ముందే ఏ రోజు ఏం వెళ్లాలో షీటు తయారుచేస్తాను, రేడియోలో క్యూ షీట్ (ఏది ఎప్పుడు వెళ్లాలో వరస) రాసిన అలవాటే అది. షూటింగ్ రోజు కెమెరా వెనక నిలబడి 'సార్, ఆ ఇంగ్లీషు మాట వద్దు, మీ పేషెంటుతో ఎలా అంటారో అలా అనండి' అని పదిసార్లు చెప్పాలి. వాయిస్ ఓవర్ అడిగేది చాలా తక్కువమంది. నన్ను నిలబెట్టింది ఎక్కడ కోయాలో తెలిసిన చెవి.

ఫేడర్‌పైకి:
పాతస్పూలు గారు చెప్పింది నిజమే గానీ రేడియో అలవాట్లు ముంచేస్తాయి కూడా, అది ఎవరూ చెప్పరు. మనకి 'హలో హలో హైదరాబాద్' అని మొదలుపెట్టి, వాతావరణం చెప్పి, ట్రాఫిక్ చెప్పి అప్పుడు విషయంలోకి రావడం అలవాటు. కారులో ఉన్నవాడు పంజాగుట్ట సిగ్నల్ దగ్గర ఎటూ పోలేడు కాబట్టి వింటాడు. యూట్యూబ్‌లో ఎంతమంది ఇంకా చూస్తున్నారో చూపే గ్రాఫ్ మొదటి ఐదు సెకన్లలోనే కింద పడుతుంది.

ఇంకోటి, మనకి లెక్కలు చూడటం రాదు. రేడియో శ్రోతల్ని కొలిచే ర్యామ్ సర్వే ఢిల్లీ, ముంబై, కోల్‌కతా, బెంగళూరుల్లోనే జరిగేది, హైదరాబాద్ అందులో లేదు. ఫోన్‌కాల్స్ ఎన్నొచ్చాయి, ఎసెమ్మెస్‌లు ఎన్నొచ్చాయి అన్నదే మన రేటింగ్. ఇప్పుడు క్లయింటు మొదటి మీటింగ్‌లోనే రీచ్ (ఎంతమందికి చేరింది) ఎంత, క్లిక్‌లు ఎన్ని, ఎంతమంది అపాయింట్‌మెంట్ తీసుకున్నారు అని అడుగుతాడు. యాడ్స్ మేనేజర్ (ప్రకటనలు నడిపే టూల్), అనలిటిక్స్ (చూసినవాళ్ల లెక్కలు) రాకుండా ఉద్యోగం మానేయకండి.

బిల్లుబుక్కు:
డబ్బు సంగతి నేను చెప్తా, కళాకారులు చెప్పరు కాబట్టి 😄
ఒక్కో వీడియోకి రేటు మాట్లాడుకోకండి, నెలవారీ రీటైనర్ (నెలకింత అని స్థిరమైన ఫీజు) మాట్లాడండి, సగం అడ్వాన్సు తీసుకోండి. యాడ్స్ ఖర్చు క్లయింటు కార్డు మీదే పోవాలి, మీ కార్డు ఇచ్చారంటే ఆ డబ్బు వెనక్కి రావడానికి పండగలు మారిపోతాయి. పేజీ, ఛానల్ ఓనర్‌షిప్ క్లయింటు మెయిల్ మీదే ఉంచి మీరు మేనేజర్‌గా ఉండండి, లేకపోతే విడిపోయేటప్పుడు పెద్ద గొడవ. కంపెనీలైతే సాధారణంగా పది శాతం టీడీఎస్ (ముందే పట్టుకునే ఆదాయపు పన్ను) కట్ చేసి ఇస్తాయి, రిటర్న్ వేసేటప్పుడు లెక్క చూసుకోండి. ఏడాదికి 20 లక్షలు దాటితే జీఎస్టీ తప్పదు. దాటాలని కోరుకుందాం.

చెవిలోజోరీగ:
పాటల సంగతి ఎవరూ అనలేదే. స్టేషన్‌లో పాటల లైసెన్సులు స్టేషనే చూసుకుంటుంది, మనం హాయిగా ప్లే చేసేస్తాం. అదే చేత్తో చీరల షాపు వీడియోకి సినిమా పాట తగిలిస్తే కంటెంట్ ఐడీ (పాటల్ని గుర్తుపట్టే యూట్యూబ్ సిస్టమ్) పట్టేస్తుంది, ఆదాయం పాట హక్కుదారుకి పోవచ్చు, వీడియోనే బ్లాక్ కావచ్చు. మీ పాత షో రికార్డింగులు కూడా సాధారణంగా స్టేషన్ ఆస్తే, డెమో కింద పబ్లిక్‌గా పెట్టేముందు అడగండి. అన్నట్టు, యూట్యూబ్‌లో సౌండ్ స్థాయి మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్ (సౌండ్ ఎంత గట్టిగా ఉందో కొలిచే లెక్క) దాటితే అక్కడికి దించేస్తారు. ఎఫ్ఎంలోలాగా బాగా కంప్రెస్ చేసి (చిన్న, పెద్ద శబ్దాల తేడా తగ్గించి) గట్టిగా పెడితే వాళ్లే తగ్గిస్తారు, చెవులకి చిరాకు మాత్రం మిగులుతుంది.

మధ్యాహ్నంషిఫ్ట్:
థాంక్యూ అందరికీ. ఇంకో రెండు ప్రశ్నలు. కెమెరా ముందుకి నేను కూడా రావాలా? గొంతు వెనక దాక్కోవడం అలవాటైపోయింది. ఇంకోటి, ఒక హాస్పిటల్ వాళ్లు తమ ప్యాకేజీని వార్తలాగా చదివి పెట్టమంటున్నారు.

పాతస్పూలు:
రాకపోయినా నడుస్తుందమ్మా, నా మొహం నా క్లయింట్ల ఫాలోయర్లలో ఒక్కరికీ తెలీదు. కాకపోతే కొత్త క్లయింట్లు మీ సొంత పేజీ చూసే ఫోన్ చేస్తారు, అక్కడ వారానికొక ఆడియో అయినా వేయండి.

ఫేడర్‌పైకి:
వార్తలాగా మాత్రం ఒప్పుకోకు అక్కా. ప్రైవేట్ ఎఫ్ఎంలో సొంత వార్తలకి అనుమతి లేదు, వార్తలు వేస్తే ఆకాశవాణి బులెటిన్‌ని యథాతథంగా వేసుకోవాల్సిందే కాబట్టి మనకి న్యూస్ రీడర్ గొంతు వాడాలనే సరదా ఉంటుంది. కానీ డబ్బు తీసుకుని చేసింది ప్రకటనే, 2021లో ఏఎస్‌సీఐ (ప్రకటనల రంగం స్వీయ నియంత్రణ సంస్థ) ఇన్‌ఫ్లుయెన్సర్లకి పెట్టిన నియమాల ప్రకారం అది ప్రకటన అని పైన కనపడాలి. వాళ్లు వద్దంటే వదిలేయ్.

బిల్లుబుక్కు:
అంతకంటే ముందు మీ అపాయింట్‌మెంట్ ఆర్డర్ తీసి బయట పనులు చేయకూడదన్న క్లాజు ఉందేమో చూడండి. ఉంటే నోటీసు పీరియడ్ అయ్యేదాకా ఎవరి దగ్గరా డబ్బు తీసుకోకండి. క్లయింట్లతో మాట్లాడి పెట్టుకోండి, మొదటి బిల్లు తేదీ మాత్రం రిలీవింగ్ లెటర్ తర్వాతే ఉండాలి.