అప్‌డేట్: రాత్రి నానబెట్టిన ఫ్రెంచ్ టోస్ట్ ఈసారి కుదిరింది

రాత్రే కలిపి ఫ్రిజ్‌లో పెట్టిన ఫ్రెంచ్ టోస్ట్ (గుడ్లు, పాల మిశ్రమంలో నానబెట్టిన బ్రెడ్) పొద్దున బేక్ చేస్తే అడుగున ముద్దవుతోందని అడిగాను కదా, నిన్న మళ్లీ చేశాను. మీరన్నట్టు తప్పు బ్రెడ్‌దే. ఈసారి 2 రోజుల నాటి బ్రెడ్‌ను అంగుళం మందం ముక్కలుగా కోసి, ఓవెన్‌లో 10 నిమిషాలు ఆరబెట్టాను. 8 గుడ్లకు రెండున్నర కప్పుల పాలే పోశాను. పోయినసారి 4 కప్పులు, అదీ నా ఘనకార్యం! పొద్దున గాజు ట్రేని అరగంట బయట ఉంచి, 180 డిగ్రీల సెల్సియస్‌లో ఫాయిల్ కప్పి 25 నిమిషాలు, తీసేసి ఇంకో 20. మధ్యలో గుచ్చిన చాకుకి పచ్చి గుడ్డు అంటలేదు. పైన కరకరలాడింది, లోపల మెత్తగా ఉంది. దాల్చినచెక్క మాత్రం కాస్త ఎక్కువైంది. అయినా మూల ముక్కల కోసం పిల్లలు కొట్టుకున్నారు.